బరువు గదిలో గుంజీలు

ఒకటో నమోదు

గది గోడతో రోజూ మాట్లాడమంది డాక్టర్ షకీలా. నేను మాట్లాడితే అది రాసుకుంటుందట, ఎవరూ చదవరట. ఎవరూ చదవనిది ఎందుకమ్మా అంటే, "బరువు గదంటే మీకున్న భయం కాస్త బయటికి పోతుంది సువర్చల గారూ" అంది. నాకు భయమేమీ లేదు. ఉన్నది సిగ్గు. ఆ రెండింటికీ తేడా తెలియని మనిషి నా ఎముకల గురించి తీర్పు చెప్తోంది.

చంద్రుడి మీదికి వచ్చి పదేళ్ళు దాటింది. మా ఆయన ప్రభాకరం మంచు గనిలో పని. నేను బయట తిరిగే సూట్లకి చేతితొడుగులు కుడతాను. వేళ్ళ దగ్గర చిరుగుతాయి, ఎప్పుడూ అక్కడే చిరుగుతాయి, అయినా జాగ్రత్తగా వాడే మగాణ్ణి ఒక్కణ్ణి చూడలేదు. మా మేఖల ఇక్కడే పుట్టింది. దానికి తొమ్మిదేళ్ళు. ఒక కూజా ఎత్తి అవతలికి విసిరితే అది నెమ్మదిగా తేలుతూ వెళ్ళడమే దానికి మామూలు.

ఇక్కడ ఒంటికి బరువు ఆరో వంతే. బరువు చాలకపోతే ఎముక పలచబడుతుంది. అందుకని మొన్నటిదాకా ఎవరి గదిలో వాళ్ళకి రబ్బరు బెల్టులు ఉండేవి. తలుపేసుకుని, నడుముకి తగిలించుకుని, ఓపికున్నంతసేపు లాగేవాళ్ళం. ఓపిక లేనప్పుడు లాగినట్టు మూలిగి బయటికొచ్చేవాళ్ళం. ఎవరు చూడొచ్చారు?

ఇప్పుడు ఆ బెల్టులన్నీ పట్టుకుపోయారు. క్యాంటీన్ పక్కన బరువు గది కట్టారు. దాని నేల మనిషిని కిందికి లాగుతుంది, అచ్చం భూమి లాగినట్టే. ఎలా లాగుతుందో మా ఆయన రెండుసార్లు చెప్పాడు, రెండుసార్లూ నాకు ఆవలింతే వచ్చింది. నా బాధ నేలతో కాదు. ఆ గదికి క్యాంటీన్ వైపు గోడ లేదు, అటూ ఇటూ కనపడే అద్దం ఉంది. ఈ పక్కన జనం ఇడ్లీలు తింటూ కూర్చుంటారు, ఆ పక్కన మనం ఇసుక మూట భుజానేసుకుని గుంజీలు తీయాలి.

అవును, గుంజీలే. చిన్నప్పుడు బడిలో ఎక్కాలు రాకపోతే తీయించేవాళ్ళే, అవి. చెవులు పట్టుకోనక్కర్లేదు, అంతే తేడా.

రెండో నమోదు

ఇవాళ ఎక్కాను. ఎక్కి దిగిపోయాను.

పదేళ్ళుగా ఎక్కడిదక్కడ నిలబడిన ఒళ్ళు, ఆ నేల మీద అడుగు పెట్టగానే జారిపోయింది. బుగ్గలు జారాయి. పొట్ట జారి నడుముకి కట్టిన చున్నీ మీద పడింది. వదులుగా తేలే సల్వారు ఒంటికి అంటుకుపోయి, ఉన్నవీ లేనివీ అన్నీ చూపించింది. జడ వీపు మీద ఎవరో పట్టుకు లాగినట్టు వేలాడింది. అద్దంలో నేను కనపడ్డాను. నా బొమ్మ వెనకాల, అద్దం అవతల బల్లల దగ్గర కూర్చున్న వాళ్ళందరూ కూడా కనపడ్డారు.

మూట ఎత్తుకుని మొదటిసారి కూర్చుని లేచానో లేదో, క్యాంటీన్ అంతా ఒక్క గొంతుతో "ఒకటీ" అంది.

ఈ కొత్త గదికి అదొక ఆచారం అయిపోయింది. ఎవరు గుంజీ తీసినా అందరూ లెక్కపెట్టాలి. దానికో కథ ఉంది. క్యాంటీన్ చూసే నూకరత్నం అక్క భర్త, అప్పారావు గారు, తన గదిలో తలుపేసుకుని పాత బెల్టు ఒంటరిగా లాగుతూ లాగుతూ గుండె ఆగి పోయాడు. ఎవరూ చూడలేదు. భోజనానికి రాలేదేమని వెతికితే దొరికాడు. ఆ తర్వాత నూకరత్నం అక్క పట్టుబట్టి ఈ పద్ధతి పెట్టించింది. పక్కనే బల్ల మీద ఒక మనిషి తాడు పట్టుకుని కూర్చోవాలి, గట్టిగా లెక్కపెట్టాలి, లోపలి మనిషి తేడాగా ఉంటే తాడు లాగాలి. లాగితే నేల వదిలేస్తుంది. తాడు ఎవరో ఒకరి చేతిలో ఉంటేనే నేల పనిచేస్తుంది. తాడు మనిషి లెక్కపెడితే మిగతావాళ్ళూ గొంతు కలుపుతారు, ఉత్సాహం కోసం.

నాకు మాత్రం ఉత్సాహం రాలేదు. ఎనిమిది దగ్గర మోకాళ్ళు వణికి మూటతో సహా కూలబడ్డాను. ఒక్కరూ నవ్వలేదు. "పర్లేదమ్మా, మళ్ళీ, మళ్ళీ" అన్నారు. నవ్వి ఉంటే తిట్టుకుని ఊరుకునేదాన్ని. ఆ జాలికి మాత్రం తల కొట్టేసినట్టయింది.

మూడో నమోదు

ఎముకల బొమ్మ వచ్చింది. డాక్టర్ షకీలా దాన్ని నా ముందు పెట్టి, పలచబడిన చోటల్లా వేలితో చూపించింది.

మా ఆయన ఒప్పందం అయిపోయింది. వచ్చే ఓడలో ముగ్గురం కిందికి, భూమ్మీదికి, వెళ్ళిపోవాలి. ఓడ దిగేటప్పుడు మనిషి మీద బరువు ఒక్కసారిగా పడుతుందట. కిందటిసారి ఒకాయనకి తొడ ఎముక రెండు ముక్కలైంది, ఇంకొకావిడ వెన్ను విరిగి మళ్ళీ లేవలేదు. అందుకని కొత్త నియమం. ఓడకి ముందు రోజు బరువు గదిలో మూటతో ముప్పై గుంజీలు తీయాలి. తొడలు పిక్కలకి ఆనాలి, పూర్తిగా లేవాలి. తీసినవాళ్ళకి ఓడలో కుర్చీ. తీయనివాళ్ళు తర్వాతి ఓడకి ఆగాలి. అది రెండేళ్ళకి.

"రెండేళ్ళు ఆగితే ఏమవుతుంది?" అన్నాను.

"మీరు ఇప్పుడున్నట్టే ఉంటే, అప్పటికి ముప్పై కాదు కదా మూడు కూడా తీయలేరు. ఇంక ఎప్పటికీ ఇక్కడే."

"మా వాళ్ళు?"

"మిమ్మల్ని ఎముకల కారణంగా ఉండనిస్తారు, ఆయనకి ఇక్కడ ఉండే అనుమతి అయిపోతోంది కదండీ. పాప ఆయనతో వెళ్ళాలి."

ఇంటికొచ్చి ఈ సంగతి చెప్తే మా ఆయన, "ఓస్ ఇంతేనా, నేను తాడు పట్టుకుంటాను పద" అన్నాడు. వద్దన్నాను. కొంచెం గట్టిగానే అన్నాను. ఊళ్ళోవాళ్ళ ముందు జారిన పొట్టతో నిలబడటం ఒకెత్తు, ఈయన ముందు నిలబడటం ఇంకొకెత్తు. ఈయన కళ్ళలో నేను ఇంకా ఓడ ఎక్కిన రోజు మనిషినే. ఆ మాట నోటితో చెప్పలేక, "మీకు లెక్కలు రావు" అన్నాను. పాపం నమ్మేశాడు.

నాలుగో నమోదు

జనం లేని వేళ చూసుకుని వెళ్దామనుకుంటే ఆ వేళ అంటూ ఒకటి లేదు. గని వాళ్ళు ఒక పూట తింటే మొక్కల గది వాళ్ళు ఇంకో పూట తింటారు. ఎప్పుడు వెళ్ళినా తాడు దగ్గర నూకరత్నం అక్కే. గరిటె ఒక చేతిలో, తాడు ఇంకో చేతిలో. ఆవిడ గొంతు కాకినాడ రేవులో నిలబడి పిలిస్తే ఓడలో వాళ్ళు తిరిగి చూసేంత గొంతు.

ఇవాళ పదకొండు దాకా వచ్చాను. పన్నెండోది సగం కూర్చుని లేచేశాను.

"అది లెక్కలోకి రాదమ్మాయ్," అంది అందరి ముందూ. "తొడ ఆన్లేదు. మళ్ళీ కూకో. పన్నెండూ..."

నాకు ఒళ్ళు మండిపోయింది. మూట కింద పడేసి బయటికొచ్చాను. "నువ్వు లెక్కపెట్టకక్కా. దండం పెడతాను. ఆ అరుపుకే నా కాళ్ళు ఆడటం లేదు. అసలు ఎవరు కనిపెట్టారో ఈ దిక్కుమాలిన ఆచారం."

ఎవరు కనిపెట్టారో నాకు తెలుసు. తెలిసీ నోరు జారాను.

నూకరత్నం అక్క తాడు మెల్లగా కొక్కేనికి తగిలించింది. "మా ఆయన్ని ఎవరూ లెక్కెట్టలేదు సువర్చలా. అందుకే పోయేడు," అని లోపలికి వెళ్ళిపోయింది. సాంబారు మాడిన వాసన వచ్చేదాకా బయటికి రాలేదు.

అయిదో నమోదు

నాకు ఇప్పుడు తాడు పట్టేవాళ్ళే లేరు. అడిగితే ఒకరికి పని, ఒకరికి నడుం నొప్పి. ఒకాయన నా మొహం చూసి ఉన్నట్టుండి తన పళ్ళెం కడుక్కోవడం మొదలుపెట్టాడు, అందులో ఇంకా ఉప్మా ఉంది. లెక్కపెట్టవద్దన్నాను కదా, ఎవరూ లెక్కపెట్టడం లేదు. నోరు అదుపులో ఉంచుకుంటే ఇంత దాకా వచ్చేదా?

ఓడ దగ్గర పడుతోంది. మేఖల రోజూ ముప్పై తీసి పరిగెత్తుకొస్తోంది. దానికి కింద గేదెని చూడాలని ఒకటే గోల. గేదె అంత బరువుండి ఎలా లేస్తుందని అడుగుతుంది. ఇవాళ సామాను సర్దుతూ తన పెట్టె పక్కన నా పెట్టె కూడా తెచ్చి పెట్టింది. నా పెట్టె మూత తీసి చూసి, "అమ్మా, నువ్వేం సర్దుకోలేదేంటి?" అంది. రేపు సర్దుతానన్నాను. వంటగదిలోకి వెళ్ళి ఏడ్చాను. ఇక్కడ కన్నీళ్ళు కూడా ఓ పట్టాన కిందికి రావు, కంట్లోనే చాలాసేపు ముద్దగా నిలబడతాయి. తుడుచుకుంటే తప్ప పోవు.

అది అన్నం తింటూ ఒక మాట అంది. "నూకరత్నం పెద్దమ్మ కూడా ఓడకి పేరిచ్చిందంట కదా. మరి బరువు గది ఎప్పుడూ ఎక్కదేంటి?"

నేను ఆలోచించాను. నిజమే. ఆవిడ తాడు పట్టుకోగా చూశాను, లెక్కపెట్టగా విన్నాను. ఎక్కగా ఒక్కనాడూ చూడలేదు.

ఆరో నమోదు

క్షమించమని అడగడానికి వెళ్ళాను. సామాన్ల గది తలుపు ఓరగా తెరిచి ఉంది. నూకరత్నం అక్క పప్పు మూట ఒకటి భుజానేసుకుని డబ్బాల మధ్య గుంజీలు తీస్తోంది. బరువు చాలనిచోట ఎన్ని తీస్తే ఏం లాభం? మూటా దూదిలా ఉంది, మనిషీ దూదిలా ఉంది. నన్ను చూసి మూట దించేసింది.

"పురుగు పట్టిందేమో చూత్తన్నాను," అంది.

"భుజం మీద పెట్టుకునా అక్కా?"

ఆవిడ అక్కడే డబ్బా మీద కూలబడింది. "ఏం చెయ్యమంటావు. అందరికీ లెక్కెట్టేదాన్ని. నేనెక్కి పదికే పడిపోతే నా మొకం ఎక్కడ పెట్టుకోను? నేనెంత గట్టిగా అరిస్తే అంతగా నన్నెవరూ ఎక్కమనరు. అదీ సంగతి."

నాకు నవ్వొచ్చింది, ఏడుపూ వచ్చింది. ఇన్నాళ్ళూ ఈ గొంతుకి జడిసి నేను చచ్చాను, ఈవిడ నాకన్నా పిరికిది.

పై అరలో కారం డబ్బాల పక్కన చిన్న ఇత్తడి బుడ్డి ఉంది. మూతికి ఎర్ర గుడ్డ కట్టి ఉంది. అప్పారావు గారి బూడిద. కాకినాడ సముద్రంలో కలపాలని ఆవిడ కోరిక. "ఆయనకి ఈ ఊరంటే పడేది కాదు. చేపల్లేని ఊరు అనేవోడు," అంది.

నాలుగో పూట పనివాళ్ళు నిద్ర లేచేలోపు ఇద్దరం వెళ్ళాలని ఒప్పుకున్నాం. ఆవిడ ఎక్కితే తాడు నాది, నేనెక్కితే తాడు ఆవిడది. లెక్క మాత్రం నోట్లోనే.

ఏడో నమోదు

నూకరత్నం అక్క నోట్లో లెక్కపెట్టడమంటే మామూలు మనిషి అరవడమే. అయినా ఇవాళ ఇరవై రెండు తీశాను.

ఒక విషయం గమనించాను. తాడు బల్ల పక్కవాటుగా ఉంటుంది. అక్కణ్ణుంచి చూస్తే తొడ పిక్కకి ఆనిందా లేదా కచ్చితంగా తెలుస్తుంది. క్యాంటీన్ నుంచి చూసేవాళ్ళకి ఎదుటి భాగమే తప్ప అది కనపడదు. సగం కూర్చున్నా వాళ్ళకి పూర్తిగా కూర్చున్నట్టే ఉంటుంది. అక్క నన్ను ఒక్క సగాన్ని కూడా వదిలిపెట్టడం లేదు. "కింద ఓడ దిగినప్పుడు నీ ఎముక నన్నడగదు సువర్చలా, నిన్నడుగుద్ది" అంటుంది.

ఆవిడ మాత్రం పద్దెనిమిది దాటడం లేదు. పద్దెనిమిది దగ్గర పెదాలు నల్లబడతాయి. ఆపమంటే ఆపదు. నిన్న తాడు లాగబోతే కళ్ళెర్రజేసింది.

"డాక్టరమ్మకి చెప్పనా?"

"చెప్పేవంటే నీకు అట్టు ముక్క కూడా పెట్టను."

చెప్పలేదు. ఇదేమీ బాగాలేదని తెలుసు.

ఎనిమిదో నమోదు

ఇవాళే పరీక్ష. రేపు మధ్యాహ్నం ఓడ. జరిగింది చెప్పాలి, చెప్పకపోతే నిద్ర పట్టదు.

క్యాంటీన్ కిక్కిరిసింది. కుర్చీలు చాలక జనం గోడలకి ఆనుకుని నిలబడ్డారు. డాక్టర్ షకీలా తలుపు దగ్గర కుర్చీ వేసుకుంది. ఆవిడకి కూడా ఎదుటి భాగమే కనపడుతుంది, తాడు మనిషి చెప్పిన లెక్కే ఆవిడ లెక్క. మా ఆయన ముందు వరసలోనే ఉన్నాడు. రావద్దని చెప్పినా వచ్చాడు. మేఖల ఆయన భుజాల మీద.

నేను లోపలికి వెళ్ళాను. ఒళ్ళు ఎప్పటిలాగే జారింది. మా ఆయన మొహం చూడకూడదనుకుంటూనే చూశాను. ఆయన నోరు తెరిచి చూస్తున్నాడు, పొట్ట కేసి కాదు, మూట కేసి. "అంత పెద్ద మూటా" అంటున్నాడు పక్కవాడితో.

ఇరవై దాకా బాగానే జరిగింది. ఇరవై అయిదు దగ్గర తొడలు మండాయి. ఇరవై తొమ్మిది. ముప్పై అనుకుని లేచాను. జనం చప్పట్లు మొదలెట్టారు.

"ఆగండి," అంది నూకరత్నం అక్క. "తొడ ఆన్లేదు. ఇరవై తొమ్మిదే."

చప్పట్లు ఆగిపోయాయి. ఎవరో "పోనీలేవే రత్నం" అన్నారు. ఆవిడ కదలలేదు. నాకు కోపం వచ్చింది, ఎంత కోపమంటే, క్యాంటీన్, అద్దం, మా ఆయన, నా సల్వారు, ఏదీ గుర్తు లేదు. కింద కూర్చున్నాను. తొడలు పిక్కలకి ఆనాయి. లేవాలి, లేవలేను. అలా కింద ఎంతసేపు ఉన్నానో తెలియదు. ఈ పీనుగ మూట నన్ను ఇక్కడ పెట్టి నా పిల్లని కిందికి పంపేస్తుందా అనుకున్నాను. పళ్ళు బిగించి, మూలుగుతూ, ముక్కు కారుతూ లేచాను. చాలా అసహ్యంగా లేచి ఉంటాను.

"ముప్పై," అంది అక్క. మామూలు గొంతుతో.

తర్వాత ఆవిడ తాడు నా చేతిలో పెట్టి తను వెళ్ళింది. క్యాంటీన్ అంతా నిలబడింది. ఆవిడ ఎక్కడం ఎవరూ ఎప్పుడూ చూడలేదు. ఇన్నాళ్ళూ తమకి లెక్కపెట్టిన మనిషికి అందరూ లెక్కపెట్టారు. ఆ చప్పుడుకి పళ్ళాలు అదిరాయి. పద్దెనిమిది దాటింది. ఇరవై. ఇరవై ఒకటి. పెదాలు నల్లబడ్డాయి, జనానికి అది అలసటలా కనిపించి ఉంటుంది. ఇరవై నాలుగోది పూర్తిగా తీసింది, నేను చూశాను.

ఇరవై అయిదోది సగమే కూర్చుంది. చేత్తో తొడ మీద ఊతం పెట్టి లేచింది.

"ఇరవై అయిదూ," అంది క్యాంటీన్.

నేను అనలేదు.

ఆవిడ అద్దంలోంచి నాకేసి చూసింది. ఆ చూపు నాకు అర్థమైంది. లెక్కలో పెట్టెయ్యి అంది ఆ చూపు. నేను పెట్టెయ్యవచ్చు. ఇంకో అయిదు సగాలు, ఆవిడ ఓడలో ఉంటుంది, బుడ్డి ఆవిడ ఒళ్ళో ఉంటుంది. దిగేటప్పుడు ఏమవుతుందో అప్పుడు చూసుకోవచ్చు. అసలు అంత దాకా కూడా అక్కర్లేదు. ఆ పెదాలు ఇంకో అయిదు దాకా నిలబడతాయా?

ఆవిడ మళ్ళీ మూట సర్దుకుని వంగింది. సగమే.

"ఇరవై ఆరూ," అన్నారు అందరూ.

"లేదు," అన్నాను. ఎవరికీ వినపడలేదు. లేచి నిలబడి అరిచాను. "లేదు. ఇరవై నాలుగే." తాడు లాగేశాను.

నేల వదిలేసింది. నూకరత్నం అక్క మెల్లగా పక్కకి ఒరిగింది, మూట ఆవిడ భుజం మీంచి నెమ్మదిగా జారిపోయింది. క్యాంటీన్ మొత్తం నాకేసి తిరిగింది. ఇన్ని వారాలు నేను ఏ చూపులకి భయపడ్డానో, అవి ఇవి కావు. ఇవి నిజంగా నన్ను చూసిన చూపులు. "నీకు కుర్చీ దొరికింది కదా, ఇంకేం" అంది ఒకావిడ. గని వాళ్ళలో ఒకడు ఉమ్మినంత పని చేశాడు. మా ఆయన నా పక్కకి వచ్చి నిలబడ్డాడు. నేను తాడు వదల్లేదు.

డాక్టర్ షకీలా లోపలికి పరిగెత్తి నాడి చూసింది, గొట్టం పెట్టి గాలి పట్టించింది. చాలాసేపటికి అక్క పెదాలు ఎర్రబడ్డాయి. "ఇంకొక్కటి తీసి ఉంటే," అంటూ డాక్టరమ్మ మళ్ళీ నాడి పట్టుకుంది.

నేను వెళ్ళి అక్క పక్కన కూర్చున్నాను. తిడుతుందనుకున్నాను. తిట్టించుకోవడానికే వెళ్ళాను.

"ఇరవై నాలుగేనా?" అంది.

"ఇరవై నాలుగేనక్కా."

"నాకూ అలాగే అనిపించింది." కళ్ళు మూసుకుంది. "ఆరోజు ఆ గది బయట నువ్వుంటే మా ఆయన బతికేవోడు."

బుడ్డి నేను తీసుకెళ్తాను, కాకినాడలో కలిపి వస్తాను అన్నాను. ఆవిడ తల అడ్డంగా ఊపింది.

"నాతోనే వత్తాడు. తర్వాతి ఓడకి ముప్పై తీసి నేనే పట్టుకెల్తాను. రెండేళ్ళాగలేడా ఏంటి, అంత తొందరేముంది ఆయనకి?" కళ్ళు తెరిచింది. "నాలుగు రోజులు మంచం దిగొద్దంది డాక్టరమ్మ. రేపు మాత్రం ఊరికే కూకుని లేత్తాను, మూట లేకండా. తాడు పట్టుకోడానికి వత్తావా?"

"రేపు ఓడ కదక్కా."

"ఓడ మజ్జాన్నం. పొద్దున్న ఖాళీయే కదా నువ్వు."

డాక్టరమ్మ ఒప్పుకుంటేనే వస్తానన్నాను.